కంచికి పోని కథ



చిన్నప్పుడు రాత్రిపూట మీ జేజి కథ చెప్పేది. మీరు ఊ కొట్టేవారు. మీరు ఊ కొట్టడం ఆపితే జేజి కథ ఆపేది. చివరకు "కథ కంచికి, మనం ఇంటికి" అనేది. అంతటితో కథ అయిపోయేది.

కంచికి పోకుండా సాగే కథలు కూడా ఉన్నాయి. ఒక కథ సగంలో ఉంటుంది. ఆ కథలోని మనిషి ఒకరు ఇంకో కథ మొదలుపెడతారు. ఆ రెండో కథలో మూడో కథ పుడుతుంది. వినేవాళ్లకు ఆకలి, నిద్ర గుర్తుకు రావు. ఆ కథల్లో దయ్యాలుంటాయి. మాంత్రికులుంటారు. మాట్లాడే శవాలుంటాయి. వినడానికి బాగుంటాయి. కానీ వాటికి భయపడాలా? ఈ పాఠం చదివి మీరే చెప్పండి.

1. మజిలీ అంటే ఏమిటి?

ఈ రోజుల్లో తొండూరులో బస్సు ఎక్కి పులివెందులకు పోతాం. పని చూసుకొని పొద్దు గూకకముందే ఇల్లు చేరుతాం. దూరాన ఉన్న కాశీకి కూడా రైలులో పోయి రావచ్చు.

రైళ్లు లేని కాలంలో కాశీకి నడిచి పోయేవారు. నెలల తరబడి నడక. దారిలో అడవులు, ఏర్లు, దొంగలు, జబ్బులు. అందుకే "కాశీకి పోయినవాడూ కాటికి పోయినవాడూ ఒకటే" అనే సామెత పుట్టింది.

నడిచే మనిషి రోజంతా నడవలేడు. ఎండ ముదిరితే ఆగాలి. చీకటి పడితే ఆగాలి. వంట చేసుకోవాలి. నిద్రపోవాలి. అట్లా ఆగే చోటును మజిలీ అంటారు.

నిజంగా అట్లా పోయి, ఆ ప్రయాణం గురించి రాసిన తెలుగువాడు ఏనుగుల వీరాస్వామయ్య. ఆయన మద్రాసులో సుప్రీంకోర్టులో ఉద్యోగం చేసేవాడు. బాగా ఉన్నవాడు. 1830 మే 18న మద్రాసులో బయలుదేరాడు. పెద్ద పరివారంతో, పల్లకీలతో పోయాడు. తిరుపతి చూసి మన కడప మీదుగా అహోబిలం, శ్రీశైలం పోయాడు. అక్కడి నుంచి హైదరాబాదు, నాగపూరు దాటి కాశీ చేరాడు. 1831 సెప్టెంబరు 3న తిరిగి ఇల్లు చేరాడు. అంటే పదిహేను నెలలకు పైగా పట్టింది. దారిలో చూసినవి చూసినట్టు రాశాడు. ఏ ఊరిలో నీళ్లున్నాయి, ఎక్కడ సరుకులు దొరుకుతాయి, దారి ఎట్లా ఉంది, ఇవన్నీ రాశాడు. ఆ పుస్తకం పేరు కాశీయాత్ర చరిత్ర. ఆయన చనిపోయాక 1838లో అచ్చయింది.

అది నిజమైన యాత్ర. ఇప్పుడు కథలోని యాత్ర చూద్దాం.

2. మణిసిద్ధుడు, గోపడు

మధిర సుబ్బన్న దీక్షితులు అనే పండితుడు ఉండేవారు. పందొమ్మిదో శతాబ్దం చివర, ఇరవయ్యో శతాబ్దం మొదట్లో జీవించారు. ఆయన కాశీ మజిలీ కథలు రాశారు. అవి పన్నెండు భాగాలు.

ఆ కథల మొదలు ఇది. మణిసిద్ధుడు అనే యతి కాశీకి పోవాలనుకుంటాడు. ఒంటరిగా పోలేడు. తోడుగా రమ్మంటే ఎవరూ రారు. చివరకు గోపడు అనే పశువుల కాపరి వస్తానంటాడు. అయితే గోపడు ఊరికే రాడు. ఒక షరతు పెడతాడు. దారిలో నేను వింతగా చూసిన దాని గురించి అడుగుతాను, నువ్వు దాని కథ చెప్పాలి, చెప్పకపోతే వెనక్కి వెళ్లిపోతాను. ఇదీ షరతు. యతి ఒప్పుకుంటాడు.

ఇక నడక మొదలు. ఒక మజిలీలో ఆగుతారు. యతి స్నానం, వంట చూసుకుంటాడు. గోపడు ఊరు చూడటానికి పోతాడు. ఏదో ఒక వింత చూసి పరుగున వస్తాడు. దాని సంగతి చెప్పమంటాడు. యతి దగ్గర ఒక మణి ఉంది. దాని మహిమతో ఎప్పుడో జరిగిన సంగతి కూడా ఆయనకు తెలుస్తుంది. ఆయన కథ మొదలుపెడతాడు. కథ పూర్తి కాకముందే పొద్దు పోతుంది. మిగిలింది రేపు, వచ్చే మజిలీలో.

గోపడికి కథ కావాలి. యతికి తోడు కావాలి. కథ నడిస్తేనే కాళ్లు నడుస్తాయి.

గోపడికి చదువు రాదు. కానీ ప్రశ్న అడగడం వచ్చు. ఇది ఎందుకు ఇట్లా ఉంది అని అడుగుతాడు. అన్ని కథలూ ఆ ఒక్క ప్రశ్న నుంచే పుట్టాయి. గుర్తు పెట్టుకోండి. అడిగేవాళ్లు లేకపోతే చెప్పేవాళ్లు లేరు.

3. ఎర్రగడ్డ పొరలు

ఎర్రగడ్డ ఒలిస్తే పొర కింద పొర వస్తుంది. ఈ కథలు కూడా అంతే. బేతాళ కథలు మీరు వినే ఉంటారు. దాని పొరలు చూడండి.

మొదటి పొర: విక్రమార్కుడు చెట్టు మీది శవాన్ని భుజాన వేసుకొని శ్మశానం వైపు నడుస్తాడు.

రెండో పొర: శవంలోని బేతాళుడు రాజుకు కథ చెబుతాడు.

మూడో పొర: ఆ కథలోని మనుషులు తమ కష్టసుఖాలు చెప్పుకుంటారు.

కథ చివర బేతాళుడు ఒక ప్రశ్న అడుగుతాడు. జవాబు తెలిసి కూడా చెప్పకపోతే రాజు తల పగులుతుంది. నోరు తెరిచి చెబితే బేతాళుడు తిరిగి చెట్టెక్కుతాడు. రాజు మళ్లీ మొదటికి వస్తాడు. కాబట్టి ఆ కథ వినడం అంటే ఆలోచించడం. ఎవరిది తప్పు, ఎవరిది ఒప్పు అని తీర్పు చెప్పడం.

ఈ బేతాళ కథలు చాలా పాతవి. కాశ్మీరులో సోమదేవుడు అనే కవి పదకొండో శతాబ్దంలో కథాసరిత్సాగరం అనే పెద్ద పుస్తకం రాశాడు. కథల ఏర్లన్నీ కలిసిన సముద్రం అని ఆ పేరుకు అర్థం. అందులో ఈ కథలున్నాయి. ఆ పుస్తకాన్ని ఆయన రాణి సూర్యవతి కోసం రాశాడు. ఆ పుస్తకంలో కూడా మొదట కథ చెప్పేది శివుడు, వినేది పార్వతి. అంటే అంత పెద్ద పుస్తకం పుట్టడానికి కారణం వినాలనుకున్న ఆడమనిషి.

అరబ్బు దేశాల వేయిన్నొక్క రాత్రుల కథలో చెప్పేదే ఆడమనిషి. ఆమె పేరు షహ్రజాద్. అక్కడి రాజుకు ఆడవాళ్ల మీద నమ్మకం లేదు. రోజుకొక పిల్లను పెళ్లి చేసుకుంటాడు. తెల్లవారగానే చంపిస్తాడు. షహ్రజాద్ ఆ రాజును పెళ్లి చేసుకుంటుంది. రాత్రి కథ మొదలుపెడుతుంది. మంచి పట్టులో ఉండగా తెల్లవారుతుంది. మిగతా కథ వినాలని రాజు ఆమెను ఆ రోజుకు చంపడు. మరుసటి రాత్రి ఆ కథ అయిపోయి, ఇంకో కథ మొదలవుతుంది. అట్లా వేయిన్నొక్క రాత్రులు. చివరకు రాజు మనసు మారుతుంది. ఆమె చేతిలో కత్తి లేదు. కథే ఉంది. దానితోనే తన ప్రాణం, ఎందరో ఆడపిల్లల ప్రాణం కాపాడింది.

4. దూరదేశపు జమీందారు

యూరపులో పోలండు అనే దేశం ఉంది. అక్కడ యాన్ పొటోట్స్కీ అనే పెద్ద జమీందారు ఉండేవాడు. 1761లో పుట్టి 1815లో చనిపోయాడు. ఆయనకు దేశాలు తిరగడం ఇష్టం. టర్కీ, ఈజిప్టు, మొరాకో చూశాడు. చైనాకు పోవాలని బయలుదేరి మంగోలియా దాకా పోయి తిరిగి వచ్చాడు. 1790లో వార్సా నగరంలో బెలూను ఎక్కి ఆకాశంలో కూడా తిరిగాడు.

ఆయన ఫ్రెంచి భాషలో ఒక పెద్ద కథ రాశాడు. స్పెయిన్ దేశంలో సరగోస్సా అనే ఊరుంది. యుద్ధం జరిగేటప్పుడు అక్కడ ఒక సైనికాధికారికి పాత కాగితాల కట్ట దొరుకుతుంది. ఆ కాగితాల్లో ఉన్నదే కథ. అందులో ఒక పడుచు సైనికుడు కొండల దారిన పోతుంటాడు. రాత్రి ఒక పాడుబడిన సత్రంలో పడుకుంటాడు. తెల్లవారి లేచి చూస్తే ఉరికంబం కింద ఉంటాడు! పక్కన ఉరి తీసిన ఇద్దరు దొంగల శవాలు!

ఇక ఆ దారిలో ఒక సన్యాసి కలుస్తాడు. ఒక మంత్రశాస్త్రం చదివినవాడు కలుస్తాడు. సంచారజాతి నాయకుడు ఒకడు కలుస్తాడు. ప్రతి ఒక్కరూ తమ కథ చెబుతారు. వాళ్ల కథల్లోని మనుషులు కూడా కథలు చెబుతారు. ఇట్లా అరవై రోజులకు పైగా సాగుతుంది. కాశీ మజిలీల్లో మాదిరే రోజుకు కొంత.

చివరకు ఏమి తేలుతుంది? ఆ సైనికుణ్ణి భయపెట్టిన వింతల్లో చాలావాటి వెనుక మనుషులున్నారు. అతని ధైర్యం ఎంతో చూడాలని ఒక పెద్ద కుటుంబం వాళ్లు చేసిన ఏర్పాటు అది. దయ్యం అనుకున్నది దయ్యం కాదు. భయపడి పారిపోయి ఉంటే ఆ సంగతి అతనికి ఎప్పటికీ తెలిసేది కాదు.

5. మన పక్క ఊళ్లవాళ్లు

ఇట్లాంటి కథలను తెలుగునాట ఇంటింటికీ చేర్చినవాళ్లలో మన పక్కవాళ్లున్నారు.

బి. నాగిరెడ్డి మన కడప జిల్లా పొట్టిపాడులో పుట్టారు. ఆయన, చక్రపాణి కలిసి 1947 జూలైలో చందమామ పత్రిక మొదలుపెట్టారు. బేతాళ కథలు ఆ పత్రికలో ఏళ్ల తరబడి వచ్చాయి. పాత కథలు అయిపోయాక అదే పద్ధతిలో కొత్తవి రాయించి వేశారు. ఇప్పుడు ఆ పత్రిక ఆగిపోయింది. కథలు మాత్రం ఆగలేదు.

ఆ ఇద్దరే 1951లో పాతాళ భైరవి సినిమా తీశారు. దానికి దర్శకుడు కె.వి. రెడ్డి. ఆయనది మనకు దగ్గరలోని తాడిపత్రి. ఆ సినిమాకు కాశీ మజిలీ కథల్లోని ఒక కథ ఆధారం అంటారు. తోటరాముడు మామూలు తోటమాలి కొడుకు. నేపాళ మాంత్రికుడు మంత్రాలు వచ్చినవాడు. గెలిచింది ఎవరు? మంత్రం రాని రాముడే. తెలివి, తెగువ అతన్ని గెలిపించాయి.

6. మనమే ఒక కథ కడదాం

కథలో కథ ఎట్లా పుడుతుందో ఈ చిన్న కథలో చూడండి. ఇది కల్పించిన కథ.

శ్రావణ శనివారం. అత్త, కోడలు గండి ఆంజనేయస్వామి గుడికి నడిచి పోతున్నారు. ఒక ఊరి బయట దిగుడుబావి కనిపించింది. పక్కనే వేపచెట్టు. దాని నిండా పసుపుదారాలు.

"అత్తా, ఆ చెట్టుకు అన్ని దారాలు ఎందుకు కట్టినారు?" అని కోడలు అడిగింది.

"చానా ఏండ్ల కిందటి మాట పాపా" అని అత్త చెప్పసాగింది.

"ఈ బాయిలోంచి రాత్రిపూట ఎవరో ఏడ్చినట్టు వినపడేది. ఆ ఏడు ఊర్లో ఇద్దరు పిల్లోళ్లు జరమొచ్చి పోయినారు. బాయికాడ గుడిసెలో ఒక ముసలామె ఒంటిగా ఉండేది. మొగుడు లేడు. బిడ్డలు లేరు. ఆమే చేతబడి చేస్తాందని ఎవరో అన్నారు. ఊరంతా నమ్మినారు. ఒక రాత్రి మగోళ్లు కట్టెలు తీసుకొని వచ్చినారు.

ముసలామె పారిపోలేదు. 'నాయనా, కొడితే కొడుదురు గానీ, ఆ ఏడుపు కత నాకొక్కదానికే తెలుసు. నన్ను చంపితే ఆ కత నాతోనే పోతాది. విని కొట్టండి' అనింది. వాళ్లు సరే అని కూర్చున్నారు.

'నేను కొత్తకోడలుగా ఈ ఊరికి వచ్చినప్పుడు, ఈ బాయి తవ్విన ముసలాయన నాతో చెప్పినాడు. బండ పగలగొట్టేటప్పుడు ఆయనకు కింది నుంచి ఒక నాగకన్నె కనపడిందంట. నీళ్లు ఇస్తాను, అయితే ముందు నా కత విను అనిందంట. పాతాళంలో ఒక రాజు ఉండె. ఆ రాజుకు ఏడుమంది కూతుర్లు...'

ఆమె చెప్తానే ఉంది. వాళ్లు ఊ కొడతానే ఉన్నారు. నడిరేయి దాటింది. కోడి కూసింది. తెల్లగా వెలుతురు వచ్చింది. అప్పుడే గాలి లేచింది. బాయిలో ఏడుపు మొదలైంది. రాత్రి అయితే అందరూ పరిగెత్తేవాళ్లే. ఇప్పుడు వెలుతురు ఉంది కదా! ఒక పిల్లోడు మెట్లు దిగి చూసినాడు. గోడ రాళ్ల సందులో పగిలిన కడవ మెడ ఇరుక్కోని ఉంది. దాంట్లో గాలి దూరినప్పుడల్లా ఏడ్చినట్టు కూత వస్తాంది. వాడు దాన్ని పీకేసినాడు. ఏడుపు నిలిచిపోయింది.

కట్టెలు తెచ్చినోళ్లు తలకాయలు వంచుకున్నారు. ముసలామె పోయినాక, ఆమె కూర్చోని కత చెప్పిన ఈ చెట్టుకు వాళ్ల ఇండ్లలోని ఆడోళ్లే దారాలు కట్టినారు."

కోడలు కాసేపు మాట్లాడలేదు. తర్వాత అడిగింది. "మరి ఆ ఏడుమంది కూతుర్ల కత ఏమైంది అత్తా?"

"ఎండ ముదురుతాంది, నడువు. వచ్చే మజిలీలో చెప్తా" అనింది అత్త.

7. దయ్యం కథలోనే ఉండాలి

కథలోని దయ్యం మనల్ని నవ్విస్తుంది, వణికిస్తుంది. కథ అయిపోగానే పోతుంది. అది మంచిదే. కానీ దయ్యం కథలోంచి లేచి ఊరి మీదికి వస్తే ప్రమాదం. అప్పుడు ఆ నింద ఎవరి మీద పడుతుంది? బలం ఉన్నవాళ్ల మీద పడదు. ఒంటరి ఆడవాళ్ల మీద, ముసలివాళ్ల మీద, పేదవాళ్ల మీద పడుతుంది. చేతబడి చేస్తున్నారని మనుషుల్ని కొట్టిన, చంపిన సంగతులు నిజంగా జరిగాయి. అట్లా చేయడం పెద్ద నేరం.

జ్వరం వస్తే కారణం నీళ్లలో ఉండవచ్చు. దోమల్లో ఉండవచ్చు. పాము కరిస్తే మంత్రం కోసం ఆగకూడదు. వెంటనే పెద్దాసుపత్రికి తీసుకుపోవాలి. అక్కడ విషానికి విరుగుడు మందు ఉంటుంది. ఆగిన కొద్దీ ప్రాణానికి ముప్పు.

ఎవరి మీదనైనా అట్లాంటి మాట పుడితే గోపడి మాదిరి ప్రశ్న అడగండి. ఎవరు చూశారు? ఎప్పుడు చూశారు? ఎందుకు అట్లా జరిగింది? తెల్లవారేదాకా ఆగుదాం అనండి. వెలుతురు వస్తే చాలా దయ్యాలు పగిలిన కడవ మెడలే.

8. కథ ఊరికే పోదు

కథ విని ఏమి లాభం అని కొందరు అంటారు. నెల్లూరు జిల్లాలో దూబగుంట అనే ఊరుంది. 1990ల మొదట్లో అక్కడి ఆడవాళ్లు రాత్రిబడిలో అక్షరాలు నేర్చుకున్నారు. వాళ్ల పుస్తకంలో సీతమ్మ కథ అనే పాఠం ఉంది. సారా వల్ల పాడైన ఊరి కథ అది. ఆ కథ చదివి, ఇది మన ఊరి కథే కదా అనుకున్నారు. కలిసి కదిలారు. తమ ఊరిలో సారా అమ్మకం ఆపించారు. ఆ కదలిక రాష్ట్రమంతా పాకింది. 1993 అక్టోబరు 1 నుంచి రాష్ట్రంలో సారాను ప్రభుత్వం నిషేధించింది.

చూశారా! వాళ్లు చదివింది కథే. పాఠంలో కథ, ఆ కథలో వాళ్ల బతుకు.

9. రోజుకో మజిలీ

నేర్చుకున్న అక్షరం వాడకపోతే మరుపున పడుతుంది. వాడని కొడవలికి తుప్పు పట్టినట్టే. కాశీ ఒక్కరోజులో రాదు. పెద్ద పుస్తకం కూడా ఒక్కరోజులో పూర్తి కాదు. రోజుకు ఒక పేజీ చదవండి. అది ఒక మజిలీ. అలిసిపోతే ఆగండి. రేపు అక్కడి నుంచి మళ్లీ నడవండి.

కాశీ మజిలీ కథల పాత పుస్తకాల భాష కొంచెం కష్టం. వాడుక భాషలో రాసినవి కూడా ఉన్నాయి. గ్రంథాలయంలో అడగండి. ఒకరు చదివితే పదిమంది వినవచ్చు. శెనక్కాయలు ఒలిచేటప్పుడు, చీనీ తోటలో అన్నం తినేటప్పుడు, కథ సాగించండి. మీ జేజి చెప్పిన కథలు కాగితం మీద పెట్టండి. జేజితో పాటు కథ పోకూడదు. మీరు రాస్తే మీ మనవరాలు చదువుతుంది. అప్పుడు ఆ కథ కంచికి పోదు.

కొత్త మాటలు

మజిలీ: ప్రయాణంలో ఆగే చోటు
యతి: సన్యాసి
పరివారం: వెంట ఉండే జనం
షరతు: ముందుగా పెట్టుకునే కట్టుబాటు
మహిమ: గొప్ప శక్తి
కల్పించిన: మనసులో పుట్టించిన

జవాబులు చెప్పండి

1. గోపడు మణిసిద్ధుడికి పెట్టిన షరతు ఏమిటి?
2. వీరాస్వామయ్య ఏ సంవత్సరంలో బయలుదేరాడు? ఎన్ని నెలలు ప్రయాణం చేశాడు?
3. షహ్రజాద్ కథను తెల్లవారేసరికి ఎందుకు సగంలో ఆపేది?
4. బావిలో ఏడుపుకు అసలు కారణం ఏమిటి?
5. ఆ ఊరి పిల్లలకు జ్వరం ఎందుకు వచ్చి ఉండవచ్చు? మాట్లాడుకోండి.

చేద్దాం

1. అత్త చెప్పిన కథలో ఎవరు ఎవరికి కథ చెప్పారు? వరుసగా రాయండి. ఎన్ని పొరలు ఉన్నాయో లెక్కపెట్టండి.
2. పాతాళపు రాజు ఏడుమంది కూతుర్ల కథ మిగిలిపోయింది. అందరూ వరుసగా కూర్చోండి. ఒక్కొక్కరు ఒక్కొక్క మాట కలిపి ఆ కథ పూర్తి చేయండి. ఒకరు రాయండి.
3. మీ ఊరిలో వింతగా కనిపించే చెట్టు, బండ, బావి ఏదైనా ఉందా? దాని కథ ఊరి పెద్దలను అడగండి. ఐదు వాక్యాలు రాసి, వచ్చే వారం చదివి వినిపించండి.